కూర్పు చేసే చెయ్యి

కొత్తవాడలో మా యింటి వెనక మగ్గం నేసే పెద్దాయన ఒకనాడు నన్నొక ప్రశ్న అడిగాడు. ముందురోజు రాత్రి టీవీలో పాత సినిమా ఒకటి చూశాడట. "తమ్మీ, సిన్మా షురువుల పేర్లు వడేటప్పుడు 'కూర్పు' అని ఒకటి వడ్తది. గదేం పని?" అన్నాడు.

"మీ పనే కాకా. తెగిన ముక్కలు అతికే పని" అన్నాను.

ఆయన నవ్వి, "అయితే అతుకు కానరాకుంట అతికెటోడే పనిమంతుడు" అన్నాడు. కాసేపు తెగిన పోగేదో ముడివేసుకుంటూ వుండిపోయి, తలెత్తి మళ్ళీ అడిగాడు: "మరి ఏ ముక్క ఏ ముక్కకు అతకాల్నో ఎవరు చెప్తరు? పనోడా, షావుకారా?"

మొదటి ప్రశ్నకు సులువుగానే జవాబు చెప్పాను. రెండో ప్రశ్నకు చెప్పలేకపోయాను. చలనచిత్ర విమర్శ పేరుతో మనం రాసుకొంటున్న వ్యాసాల్లో యీ ప్రశ్న దాదాపు కనిపించదు. నటుణ్ణి గురించి రాస్తాం. దర్శకుణ్ణి గురించి, పాట కట్టిన కవిని గురించి రాస్తాం. ఎడిటరు వంతు వచ్చేసరికి "కత్తెరకు యింకాస్త పని చెబితే బాగుండేది" అనే ఒక్క వాక్యంతో సరిపెడతాం. వరంగల్లు జంపఖానాలో పడుగు కనిపించదు. రంగులూ గళ్ళూ అన్నీ పేకవే. పేక పడుగును పూర్తిగా కప్పేస్తుంది. కొనేవాడు రంగు చూసి కొంటాడు. ఐనా పడుగు చెడితే ఆ బట్ట ఒక్క ఋతువు కూడా నిలవదు. మన సినిమా చరిత్ర యింతవరకూ పేకను మాత్రమే చూసి రాసిన చరిత్ర. పడుగు సంగతి కూడా చెప్పుకోవలసివుంది. అందుకు ఒక తెలుగు ఎడిటరు జీవితాన్ని ఆధారంగా తీసుకొంటాను. ఆయన అక్కినేని శ్రీకర్ ప్రసాద్. కాని ఆయనదాకా రావటానికి ముందు యీ పని స్వరూపమేమిటో, ప్రపంచంలో దీన్ని చేసినవాళ్ళు ఎవరో కొంత తెలుసుకోవాలి.

యీ పనికి ఒక్కో దేశం పెట్టుకొన్న పేరులోనే ఒక్కో దృష్టి వుంది. అమెరికా స్టూడియోల్లో దీన్ని "కటింగ్" అన్నారు. వున్నదాంట్లోంచి అక్కరలేనిదాన్ని తీసివెయ్యటం. ఫ్రెంచివాళ్ళు "మోంతాజ్" అన్నారు. యంత్రం విడిభాగాలను బిగించి నిలబెట్టే పనికి కార్ఖానాలో వాడే మాట అది. రష్యనులు ఆ ఫ్రెంచి మాటనే తీసుకొన్నారు. మన తెలుగు టైటిల్సులో "కూర్పు" అని వేసుకొన్నారు. దండ కూర్చటం, మాటలు కూర్చటం అంటాం. ఆ కూర్పే యిదీను. మాట పెట్టినవాళ్ళెవరో గాని చక్కని మాట పెట్టారు. ఆ మాటలో వున్న అర్థాన్ని మన విమర్శ పట్టించుకోలేదు.

ఫిలిం రోజుల్లో యీ పని ఎట్లా జరిగేదో చూద్దాం. ముప్ఫయిఅయిదు మిల్లీమీటర్ల ఫిలింలో అడుగుకు 16 బొమ్మలు. సెకనుకు 24 బొమ్మలు తెరమీద కదలాలి. అంటే నిమిషానికి 90 అడుగులు, రెండున్నర గంటల సినిమాకు 13,500 అడుగులు. తీసిన ఫిలిం దీనికి ఎన్నోరెట్లు వుంటుంది. ఒకే సన్నివేశం దూరంనుంచి ఒకసారి, దగ్గరనుంచి ఒకసారి, ఈ నటుడిమీద ఒకసారి, ఆ నటుడిమీద ఒకసారి తీస్తారు. తప్పు వస్తే మళ్ళీ తీస్తారు. కథ చివర జరిగేది మొదటిరోజే తియ్యవచ్చు. ఆ గుట్టంతా ఎడిటింగు గదికి వస్తుంది. బొమ్మ ఒక ఫిలింమీద, ధ్వని యింకొకదానిమీద వుంటాయి. క్లాప్ పడిన చోటును గుర్తుపట్టి రెంటినీ జతచెయ్యాలి. 1924లో అమెరికాలో తయారైన మూవియోలా అనే యంత్రంమీద ముక్క ముక్కా ముందుకూ వెనక్కూ తిప్పి చూసి, గుర్తుపెట్టి, కత్తిరించి, అతకాలి. అతికిన చోట ఒక్క బొమ్మ ఎక్కువైనా తక్కువైనా కన్ను పట్టుకొంటుంది. పాజిటివ్ కూర్పు ఒక కొలిక్కి వచ్చాక ఫిలిం అంచుమీది అంకెల ప్రకారం అసలు నెగెటివ్‌ను కొయ్యాలి. అక్కడ పొరపాటు జరిగితే దిద్దుకొనే వీలు లేదు. చీకటి గదిలో, కళ్ళు పోగొట్టుకొంటూ చేసే పని యిది. పని బాగా కుదిరిన కొద్దీ పనిచేసిన మనిషి కనిపించకుండా పోతాడు.

ఐతే యిది కేవలం చేతినేర్పుకు సంబంధించిన వ్యవహారం కాదని మొదట గట్టిగా చెప్పినవాళ్ళు విప్లవానంతర రష్యాలోని యువకళాకారులు. 1920 ప్రాంతంలో కులెషోవ్ ఒక నటుడి ముఖాన్ని ఒకసారి సూపుగిన్నె పక్కన, ఒకసారి శవపేటిక పక్కన పెట్టి చూపాడు. ముఖం ఒక్కటే, చూసినవాళ్ళకు మాత్రం ఒకసారి ఆకలీ, ఒకసారి దుఃఖమూ కనిపించాయి. అర్థం ఏ ఒక్క ముక్కలోనూ లేదు; రెండు ముక్కల మధ్యనున్న సంబంధంలో వుంది. యీ సూత్రాన్ని వర్గదృష్టితో వాడిన మనిషి ఎస్ఫిర్ షూబ్ అనే స్త్రీ. 1927లో ఆమె "రొమనోవ్ వంశ పతనం" అనే చిత్రాన్ని కూర్చింది. కెమెరా పట్టి తీసింది దాదాపు ఏమీ లేదు. జారు చక్రవర్తి తన వైభవం చూసుకొని మురవటానికి తీయించుకొన్న ఫిలింనూ, పాత వార్తాచిత్రాలనూ వెతికి తెచ్చింది. ఓడ డెక్కుమీద దొరలూ దొరసానులూ చెమటపట్టేదాకా నాట్యం చేస్తున్న ముక్క పక్కన, పొలంలో చెమటోడుస్తున్న మనుషుల ముక్క అతికింది. రెండూ ఎప్పటినుంచో వున్నవే. ఒకరి ఆటకూ యింకొకరి పాటుకూ సంబంధం వున్నదన్న నిజం ఆ అతుకుతో బయటపడింది. ఆ రోజుల్లోనే జీగా వెర్తోవ్ తీసిన "కెమెరా పట్టిన మనిషి" (1929)లో ఎడిటరు ఎలిజవేత స్విలోవా టేబులు ముందు కూర్చుని ఫిలిం ముక్కలు ఏరుతూ, అతుకుతూ తెరమీదే కనిపిస్తుంది. కార్మికుల రాజ్యమని చెప్పుకొన్న చోట సినిమా తన కార్మికురాలిని ఆ విధంగా చూపించుకొన్నది.

ఇక ఫ్రాన్సు. అక్కడ తొలి రోజుల్నుంచీ యీ పనిలో స్త్రీలు ఎక్కువ. పతే కంపెనీ కార్ఖానాల్లో బొమ్మబొమ్మకూ రంగులద్దినవాళ్ళు స్త్రీలే. ఫిలిం అతికిన చేతులూ ఎక్కువగా వాళ్ళవే. ఓపికా, సన్నని వేళ్ళూ కావలసిన కుట్టుపనివంటిదని అనుకొన్నారు గాని, ఆలోచన కావలసిన పని అనుకోలేదు. అట్లాంటి వాతావరణంలో ఎదిగిన మనిషి మార్గరీత్ ఊలే. 1906లో పుట్టింది. కార్మికసంఘ రాజకీయాలు వున్న కుటుంబం ఆమెది. 1930 దశకంలో దర్శకుడు జాఁ రెన్వార్‌కు సహచరిగా వుండి, పెళ్ళి లేకుండానే ఆయన యింటిపేరు పెట్టుకొని, మార్గరీత్ రెన్వార్‌గా ప్రసిద్ధికెక్కింది. చిత్రకారుడు రెన్వార్ కొడుకు, సంపన్నుల యింట పెరిగిన మనిషి, శ్రామికోద్యమానికి దగ్గర కావటంలో ఆమె ప్రభావం వున్నదని చరిత్రకారులు చెబుతారు. "తోనీ" (1935), "లాంజ్ నేరం" (1936), "గ్రాండ్ ఇల్యూజన్" (1937), ప్రజలనుంచి చందాలు పోగుచేసి తీసిన "లా మార్సేయేజ్" (1938), "రూల్స్ ఆఫ్ ది గేమ్" (1939) - ఇవన్నీ ఆమె టేబులుమీద రూపం తీసుకొన్నవే. 1936 ఎన్నికలకోసం కమ్యూనిస్టు పార్టీ తీయించిన "బతుకు మనదే" అన్న సినిమాకూ ఆమే ఎడిటరు. దానికి ప్రభుత్వం ప్రదర్శనకు అనుమతి యివ్వలేదు. సభల్లో, సంఘాల్లో మాత్రమే చూపారు. మామూలు హాళ్ళకు అది 1969లోగాని రాలేదు.

ఇక్కడ రెండో కత్తెర మన కంటపడుతుంది. ఎడిటరు కత్తెర అర్థం కోసం కోస్తుంది. ప్రభువుల కత్తెర భయంతో కోస్తుంది, వ్యాపారి కత్తెర లాభం కోసం కోస్తుంది. "రూల్స్ ఆఫ్ ది గేమ్" తన పాలకవర్గం డొల్లతనాన్ని చూపించిందని 1939లో పారిసు ప్రేక్షకులు గోలచేస్తే మళ్ళీ మళ్ళీ కుదించారు. కొద్ది నెలలకే ప్రభుత్వం దాన్ని నిషేధించింది. 1942 బాంబుదాడిలో నెగెటివ్ పోయింది. దొరికిన ముక్కలన్నీ పోగుచేసి మళ్ళీ 106 నిమిషాల చిత్రంగా నిలబెట్టేసరికి 1959 వచ్చింది. మనకూ యిటువంటి అనుభవం వుంది. గూడవల్లి రామబ్రహ్మం తీసిన "రైతుబిడ్డ" (1939) జమీందార్ల ఆగ్రహానికి గురై కొన్నిచోట్ల నిషేధం పాలయింది. రెండో కత్తెర కథలు చరిత్రలో నిలిచాయి; న్యాయమే. మొదటి కత్తెర పట్టిన చేతులు మాత్రం నిలవలేదు.

మార్గరీత్ విషయంలో యింకొక్క సంగతి చెప్పాలి. "పల్లెలో ఒక రోజు" అనే సినిమాను రెన్వార్ 1936 వేసవిలో మొదలుపెట్టి, వానలవల్ల అర్ధాంతరంగా వదిలేశాడు. యుద్ధం వచ్చింది. ఆయన అమెరికా వెళ్ళిపోయాడు. వాళ్ళ సాంగత్యమూ ముగిసింది. యుద్ధం తరవాత మిగిలిన నెగెటివ్‌తో మార్గరీత్ ఆ చిత్రాన్ని కూర్చింది, 1946లో విడుదలయింది. ఆ నలభై నిమిషాల సినిమాను లోకం రెన్వార్ కళాఖండాల్లో ఒకటిగా లెక్కవేస్తుంది. అది పూర్తయినప్పుడు రెన్వార్ దేశంలోనే లేడు! తరవాత జాక్ బెకేర్‌తో "కాస్క్ దోర్" (1952), "ల త్రూ" (1960) మొదలైనవి కూర్చి, 1987లో ఆమె కన్నుమూసింది. తరవాతి తరంలో సెసిల్ దెక్యుజిస్ కథ వేరు. గొడార్ "బ్రెత్‌లెస్" (1960)ను కూర్చిన ఎడిటరు ఆమె. ఆ సినిమాలోని గెంతే అతుకులను గురించి ప్రపంచమంతా గ్రంథాలు రాసింది. ఆ కాలంలోనే ఆమె అల్జీరియా విమోచన యోధులకు సహాయం చేసినందుకు రెండేళ్ళు జైల్లో వుంది. ఎడిటరుకు రాజకీయాలు వుండవనీ, ఎవరి ఫిలిం వస్తే వారికి అతికిపెట్టే మనిషేననీ అనుకొనేవాళ్ళకు యీ యిద్దరి జీవితాలే సమాధానం.

ఇప్పుడు మన యింటికి వద్దాం. తెలుగు సినిమా తొలినాళ్ళలో పని నేర్చుకొనే బడి వేరే లేదు. ఏలూరు దగ్గర సోమవరప్పాడులో రైతుకుటుంబంలో పుట్టిన ఎల్. వి. ప్రసాద్ బొంబాయి పారిపోయి, సినిమా కంపెనీలో చిల్లర పనులు చేస్తూ, 1931-32లో "ఆలం ఆరా", "కాళిదాస్", "భక్త ప్రహ్లాద" మూడింటిలోనూ చిన్న వేషాలు వేశాడు. తరవాత "షావుకారు" (1950), "మిస్సమ్మ" (1955) తీసిన దర్శకుడయ్యాడు. మద్రాసులో స్టూడియో, ఫిలిం లేబరేటరీ స్థాపించాడు. ఎడిటింగు గదిలో పనిచేసి దర్శకుడుగా ఎదిగినవాడు ఆదుర్తి సుబ్బారావు. "నమ్మినబంటు" (1960), "సుడిగుండాలు" (1968) తీసినవాడు. కథను ఎక్కడ ఆపాలో, ఏ ముఖంమీద ఎంతసేపు నిలవాలో ఆయనకు తెలియటానికి ఆ గది కారణమని నా నమ్మకం. ఐనా యిద్దరినీ మనం దర్శకులుగానే గుర్తుపెట్టుకొన్నాం.

ఎల్. వి. ప్రసాద్ తమ్ముడు అక్కినేని సంజీవి ఎడిటరు, దర్శకుడు కూడా. ఆయన కొడుకే శ్రీకర్ ప్రసాద్. 1963లో పుట్టారు. మద్రాసు విశ్వవిద్యాలయంలో సాహిత్యం చదివి, తండ్రి టేబులు దగ్గర పని నేర్చుకొన్నారు. మగ్గం పని తండ్రినుంచి కొడుకుకు వచ్చినట్టే యీ పనీ వచ్చింది. ఇందులో మంచీ వుంది, చెడూ వుంది. నేర్పు చేతినుంచి చేతికి చెదరకుండా అందుతుంది. యింటి బయటివాళ్ళకు మాత్రం గది తలుపు సులభంగా తెరుచుకోదు. ఐతే సాహిత్యం చదివి ఆ గదిలోకి పోవటం ముఖ్యమైన విషయం. ముక్కల కొలతతోపాటు కథ కొలతను కూడా ఎరిగిన చెయ్యి తయారయింది.

తెలుగు సినిమాలతో మొదలైన ఆయన పేరు దేశానికి తెలిసింది హిందీ చిత్రం "రాఖ్" (1989)తో. కొత్త దర్శకుడు, చిన్న పెట్టుబడి, సంతోష్ శివన్ కెమెరా. ఎడిటింగుకు జాతీయ బహుమతి దానితోనే మొదటిసారి వచ్చింది. తరవాత అస్సామీ చిత్రం "రాగ్ బిరాగ్"కు వచ్చింది. త్యాగరాజు తెలుగు గేయనాటకం పేరునే పెట్టుకొన్న "నౌకాచరిత్రము" అనే లఘుచిత్రానికి వచ్చింది. సంతోష్ శివనే దర్శకుడుగా తమిళంలో తీసిన "టెర్రరిస్టు" (1998)కు వచ్చింది. మానవబాంబుగా పంపబడిన ఒక పిల్ల చివరి రోజుల కథ అది. సంభాషణ చాలా తక్కువ. ముఖం, ఊపిరి, వాన, జ్ఞాపకం. చంపటానికీ చావటానికీ సిద్ధమైన మనసులో బతుకుమీది ఆశ ఎట్లా తలెత్తుతుందో మాటల్లో చెప్పకుండా, ఒక ముక్క పక్కన ఒక ముక్క పెట్టి చెప్పారు.

ఆ మరుసటేడు "వానప్రస్థం" (1999). షాజీ ఎన్. కరుణ్ మలయాళంలో తీసిన యీ చిత్రం ఫ్రెంచి నిర్మాతతో కలిసి చేసినది. కెమెరా దగ్గర సంతోష్ శివన్‌తో రెనాతో బెర్తా, కూర్పులో శ్రీకర్ ప్రసాద్‌తో ఫ్రెంచి ఎడిటరు జోసెఫ్ గ్యాంవార్ పనిచేశారు. కాన్ చిత్రోత్సవంలో ప్రదర్శించారు. ఆ విధంగా మద్రాసులో తండ్రి దగ్గర నేర్చిన తెలుగు చెయ్యి, మార్గరీత్ రెన్వార్ పనిచేసిన సంప్రదాయం చెయ్యీ ఒకే సినిమామీద కలిశాయి. ఆ సినిమా విషయం కూడా గమనించండి. కథకళి కళాకారుడు కుంజికుట్టన్ తల్లి తక్కువ కులంది. తండ్రి పైకులపువాడు, కొడుకని ఒప్పుకోడు. రంగస్థలంమీద అర్జునుడుగా వున్నంతసేపూ అతన్ని ప్రేమించిన పెద్దింటి స్త్రీ, వేషం తీసిన మనిషిని అంగీకరించదు. వేషానికి గౌరవం, మనిషికి అవమానం. రంగువేసిన ముఖమూ రంగు కడిగిన ముఖమూ పక్కపక్కన నిలిచిన ప్రతిచోటా కులవ్యవస్థ ఆ రెంటి మధ్య నిలబడి కనిపిస్తుంది. షూబ్ చేసిన పనికి యిది దూరపు చుట్టమే. ఆ సంవత్సరం ఉత్తమ చిత్రం, ఉత్తమ నటుడు బహుమతులతోపాటు ఎడిటింగు బహుమతి కూడా దానికే వచ్చింది.

ఆ తరవాత మణిరత్నం "కన్నత్తిల్ ముత్తమిట్టాల్" (2002), నందితా దాస్ "ఫిరాక్" (2008), 2009లో "కుట్టి స్రాంక్", "కమీనే", "పళశిరాజా" మూడింటికీ కలిపి ప్రత్యేక బహుమతి, 2020 సంవత్సరానికి ముగ్గురు సామాన్య స్త్రీల కథలతో కూర్చిన తమిళ చిత్రం "శివరంజనియుం ఇన్నుం సిల పెణ్గళుం". మొత్తం తొమ్మిది. పదిహేడు భాషల్లో పనిచేసిన ఎడిటరు ఆయన. తెలుగులో "ఒక్కడు" (2003), "సైరా నరసింహారెడ్డి" (2019), "ఆర్ ఆర్ ఆర్" (2022) ఆయన కూర్చినవే.

ఇప్పుడు పెద్దాయన రెండో ప్రశ్న దగ్గరకు వచ్చాం. దీనికి "ఫిరాక్"నూ, "ఆర్ ఆర్ ఆర్"నూ పక్కపక్కన పెట్టి చూడాలి. రెండూ ఒకే చెయ్యి కూర్చినవి.

"ఫిరాక్" 2002 గుజరాత్ మారణకాండ తరవాత ఒక నగరంలో ఒక రోజు కథ. కాలిపోయిన యింటికి తిరిగివచ్చిన పేద ముస్లిం దంపతులు, పేరు దాచుకొని బతుకుదామా అని ఆలోచించే చదువుకొన్న భర్త, తలుపు కొట్టి ప్రాణం కాపాడమన్న స్త్రీకి తలుపు తీయలేకపోయిన హిందూ గృహిణి, తల్లిదండ్రుల్ని పోగొట్టుకొని తిరుగుతున్న పిల్లవాడు, ముసలి సంగీత విద్వాంసుడు. యీ బతుకులు ఒకే నగరంలో, ఒకే గాలిలో నడుస్తాయి. అక్కడక్కడ ఒకదాన్నొకటి ఒరుసుకొంటాయి. ఒక సుఖాంతంలో వాటిని బలవంతాన కలపలేదు. ఆ నగరంలో ఆ రోజు మనుషులు కలవలేదు కాబట్టి సినిమా కలపలేదు. కాని ప్రేక్షకుడి మనసులో అవన్నీ కలుస్తాయి: ఒకరి భయానికి యింకొకరి మౌనం కారణమని అర్థమవుతుంది. సంబంధాన్ని కూర్పు కనిపెట్టి చూపింది, కల్పించలేదు.

"ఆర్ ఆర్ ఆర్" 182 నిమిషాల సినిమా. నేర్పు సంగతికి వస్తే దానికి వంకపెట్టలేం. నదిమీది వంతెన దగ్గర మంటల్లో చిక్కిన పిల్లవాణ్ణి రక్షించే ఘట్టం చూడండి: ఒకవైపు రామరాజు, ఒకవైపు భీము, యిద్దరి చూపులూ, నిప్పూ నీరూ, ఎక్కడా కన్ను తడబడదు. ప్రపంచం చప్పట్లు కొట్టింది. 2023లో అందులోని పాటకు ఆస్కార్ వచ్చింది. ఒక తెలుగు కార్మికుడి నేర్పు అంతదూరం పోయినందుకు సంతోషించటంలో తప్పులేదు. కాని ఆ అతుకు దేన్ని దేనికి అతికింది? అల్లూరి సీతారామరాజు 1922-24 మన్యం పోరాటంలో బ్రిటిషువాళ్ళతో పోరాడి 1924లో చనిపోయాడు. కొమురం భీము అడవిమీద గోండుల హక్కుకోసం నిజాం సర్కారుతో పోరాడి 1940లో జోడేఘాట్‌లో చనిపోయాడు. ఇద్దరి శత్రువూ ఒకరు కాదు, కాలమూ ఒకటి కాదు. ఇది కల్పన అని సినిమా ముందే చెప్పుకొన్నది, నిజమే. ఐనా కథలో జోడేఘాట్ భూమి లేదు, పట్టా లేదు, అటవీ అధికారి లేడు, నిజాం నామమాత్రం. భీము పోరాటంలో ప్రాణంవంటి భాగం తెగి నేలమీద పడింది. దానికి బదులు ఢిల్లీలో యిద్దరు బలశాలుల స్నేహం అతికారు. ఆ అతుకు ఎంత నున్నగా వుంటే అక్కడ తెగిన భూమిసమస్య అంత కానరాకుండా పోతుంది. వరంగల్లు జిల్లా మనిషికి యిది చిన్న విషయం కాదు. నిజాం కింద నలిగిన భూమి అంటే ఏమిటో యిక్కడి మూడు తరాలకు తెలుసు.

ఇందులో తప్పు ఎడిటరుదా? కథ ఆయనది కాదు, దర్శకత్వం ఆయనది కాదు. తన చేతికి వచ్చిన ఫిలింను మాత్రమే ఎడిటరు కూర్చగలడు. మార్గరీత్ రెన్వార్‌కు "బతుకు మనదే" చేతికి వచ్చింది, ఎందుకంటే ఆ కాలపు ఫ్రాన్సులో అటువంటి సినిమా తీయించగల శ్రామికోద్యమం వుంది. శ్రీకర్ ప్రసాద్‌కు మలయాళం, తమిళం, హిందీ, అస్సామీ భాషలు "వానప్రస్థం"లాంటివీ, "ఫిరాక్"లాంటివీ యిచ్చాయి. తెలుగు ఏమిచ్చింది? ఆయన జాతీయ బహుమతుల పట్టికను మరొకసారి చదవండి. అందులో తెలుగు కథాచిత్రం ఒక్కటీ లేదు. తెలుగువాడి చెయ్యి, తెలుగు యింట నేర్చిన పని, తొమ్మిది బహుమతులు. తెలుగు కథాచిత్రానికి సున్న!

తెలుగు చిత్రాలకు యీ బహుమతి రాదని కాదు. "సితార" (1984)కు అనిల్ మల్నాడ్‌కూ, "జెర్సీ" (2019)కి నవీన్ నూలికీ వచ్చింది. రెండూ తారాడంబరంకంటే మనుషుల దుఃఖాన్ని నమ్ముకొన్న కథలే కావటం గమనించాలి. లోపం కూర్పరుల్లో లేదని యిది రుజువు చేస్తుంది. కథానాయకుడి రాకకు యిన్ని నిమిషాలు, పోరాటాలకు యిన్ని, పాటలకు యిన్ని అని పెట్టుబడి ముందే లెక్క కట్టి పెట్టిన చోట, ఏ ముక్కను ఏ ముక్కకు అతకాలో షావుకారే చెబుతున్నాడు. పనివాడికి మిగిలింది అతుకు కనిపించకుండా చూడటం.

దీనికి భిన్నంగా జరిగిన సందర్భం మనకు లేకపోలేదు. 1980లో విడుదలైన "మాభూమి" ఉర్దూ రచయిత కిషన్ చందర్ నవల ఆధారంగా, బెంగాలీ దర్శకుడు గౌతమ్ ఘోష్ చేత, తెలంగాణా మనుషులు తీయించుకొన్న సినిమా. అందులో గడీకీ గుడిసెకూ, దొర భోజనానికీ పాలేరు ఆకలికీ మధ్యనున్న సంబంధాన్ని దాచలేదు. ఏ తారా లేకుండానే జనం దాన్ని ఆదరించారు. ఆ దారి మూసుకుపోవటానికి ప్రేక్షకుడి అభిరుచి కారణమని వ్యాపారులు చెబుతారు. "మాభూమి"ని ఆదరించిన ప్రేక్షకుడు ఆకాశంనుంచి దిగిరాలేదు.

ఫిలిం పోయింది. 1989లో అమెరికాలో ఎవిడ్ అనే కంప్యూటరు పద్ధతి వచ్చింది. తరవాతి దశాబ్దంలో మన ఎడిటింగు గదుల్లోకీ వచ్చి మూవియోలాను మూలకు నెట్టింది. ఇప్పుడు కత్తెరా లేదు, జిగురూ లేదు. ఒక అతుకును నూరుసార్లు వేసి నూరుసార్లు విప్పవచ్చు. దీనివల్ల ఆలోచించటానికి ఎడిటరుకు ఎక్కువ సమయం దొరకవలసింది. విడుదల తేదీ ముందే ప్రకటించి వెనకనుంచి తరిమే వ్యాపారంలో ఆ సమయం ఎవరికి దక్కుతున్నదో ఊహించుకోవచ్చు. మగ్గం పోయి మరమగ్గం వచ్చినప్పుడు నేతగాడికి తీరిక దొరికిందా? యంత్రం ఎవరిదో, తీరికా వాడిదే.

విమర్శకులుగా మనం చెయ్యగల పని కొంత వుంది. ఒక సినిమాను గురించి రాసేటప్పుడు కూర్పు చేసిన మనిషి పేరు రాద్దాం. "పదునుగా వుంది" అని వదిలెయ్యకుండా, ఏ ముక్క పక్కన ఏ ముక్క పెట్టారు, దానివల్ల ఏ సంబంధం బయటపడింది, ఏ సంబంధం కప్పబడింది అని అడుగుదాం. మద్రాసు గదుల్లో, హైదరాబాదు గదుల్లో పనిచేసిన పాతతరం ఎడిటర్ల అనుభవాలను, సహాయకుల అనుభవాలతో సహా, వాళ్ళు బతికివుండగానే రాయించుకొందాం. అన్నిటికంటే ముఖ్యంగా, నేర్పుగల తెలుగు చేతికి తెలుగు బతుకును అందించే సినిమాలు రావాలని మన సంఘాల్లో, సభల్లో గట్టిగా అడుగుదాం. అవి వస్తే వాటిని టిక్కెట్టు కొని చూసి నిలబెట్టటం కూడా మన పనే.

యీ వ్యాసం రాయటం ముగించి పెద్దాయన దగ్గరకు వెళ్ళి, ఏ ముక్కకు ఏది అతకాలో ప్రస్తుతానికి షావుకారే చెబుతున్నాడని చెప్పాను. ఆయన ఆశ్చర్యపడలేదు. "మా దగ్గర గూడ గంతే. గని సంఘం పెట్టుకున్న కాడ మేమే కూసోని మాట్లాడుకుంటుంటిమి, ఏం నెయ్యాలె, ఎట్ల నెయ్యాలె అని" అన్నాడు. తరవాత వంగి, కొత్త పడుగు పోగును పాత పోగు కొసకు అతకటం మొదలుపెట్టాడు.